గారె చిల్లు, రొట్టె చిల్లు

ఫిన్లాండ్‌లోని తుర్కు నగరంలో నేను పనిచేసే బేకరీలో మధ్యాహ్నం డబ్బా విప్పగానే, పక్కన కూర్చున్న పెద్దావిడ నా గారెలను చూసి, "వీటిని కూడా కర్రకు గుచ్చి వేలాడదీస్తారా?" అని అడిగారు. ఆవిడ వేళాకోళానికి అనలేదని తెలిసినా, వేడివేడిగా తినవలసిన గారెను ఎండబెట్టి దాచుకునే రొట్టెతో జతకట్టడం నాకు చురుక్కుమనిపించింది.

ఆవిడ మనసులో ఉన్నది రెయికాలెయిపా, అంటే రై అనే ధాన్యపు పిండితో చేసే, మధ్యలో చిల్లున్న రొట్టె. పశ్చిమ ఫిన్లాండ్ పల్లెల్లో పూర్వం ఏడాదికి కొన్నిసార్లు మాత్రమే, విడతకు కుప్పలుగా రొట్టెలు కాల్చుకునేవారు. వాటిని పొడవాటి కర్రలకు గుచ్చి వంటింటి కప్పు కింద వరుసగా వేలాడదీస్తే, పైకి చేరిన వెచ్చని గాలికి నెమ్మదిగా ఎండి నెలల తరబడి నిలిచేవి. రొట్టెను పలుచగా ఒత్తడం కూడా త్వరగా ఆరడానికే. పైనంతా సన్నగా పొడిచేది ఆవిరి పోయి రొట్టె ఉబ్బకుండా ఉండడానికి. తూర్పు ప్రాంతంలో ఇల్లు వెచ్చబెట్టే పొయ్యిలోనే రొట్టె కూడా కాలేది కనుక, అక్కడివారు తరచుగా కాల్చుకుంటూ, చిల్లు లేని మందపాటి రొట్టెతోనే సరిపెట్టుకున్నారు. పొయ్యి ఎన్నాళ్లకొకసారి రాజేస్తారన్నదే రొట్టె ఆకారాన్ని నిర్ణయించిందన్నమాట. ఈ లెక్క నాకు ఎంతో నచ్చింది.

మన చిల్లు సంగతి వేరు. తడి అరిటాకు మీద తట్టిన మినప్పిండి ముద్దకు మధ్యలో వేలు దించకపోతే, అంచులు ఎర్రబడి మాడే వేళకు కూడా నడుమ పచ్చిగానే మిగులుతుంది. చిల్లు పెడితే కాగిన నూనె లోపలివైపు నుంచి కూడా తగిలి, గారె అంతా ఒక్కలాగే వేగుతుంది. పిండి కాస్త జారుగా రుబ్బితే ఆ చిల్లు నూనెలో పడగానే పూడుకుపోతుందనుకోండి, అది రుబ్బినవారి పాపం.

కాబట్టి మన చిల్లు ఇంకా కొలువులోనే ఉంది, వారిది ఎప్పుడో విరమణ పొందింది అని నేను కొంత పౌరుషంగానే వాదించాను. మా బేకరీలో ఆ రొట్టెను వేలాడదీసే కర్ర ఒక్కటీ లేదు. చల్లారగానే ప్లాస్టిక్ సంచిలోకి పోతుంది, కొన్నవారు మెత్తగా ఉండగానే తినేస్తారు. అయినా యంత్రం ప్రతి బిళ్లకూ నడిమి ముక్కను శ్రద్ధగా కోసి తీస్తూనే ఉంటుంది, చిల్లు అంచు చిరిగిన బిళ్లను ఆవిడ ఇప్పటికీ పక్కకు తీసి పడేస్తూనే ఉంటారు.