నెత్తురు తోడుకునే లెక్క

"కాలి నరంలో గడ్డ ఉందట" అని మా ఆయన ఆసుపత్రి వరండాలోంచి ఇంటికి ఫోను చేసి చెప్పారు. అవతల మా అత్తమ్మ ఫోను పట్టుకునే ఏడ్చింది. ఆమె ఆడపడుచు ఒకామె రొమ్ములో గడ్డతో పోయింది. గడ్డ అంటే అత్తమ్మకు తెలిసిన అర్థం అదొక్కటే. సాయంత్రం ఆసుపత్రికి వచ్చి నా మంచం పక్కన కూర్చుని, "ఎన్నాళ్ల నుంచి దాచిపెట్టావు బిడ్డా?" అని అడిగింది.

దాచడానికి ఏమీ లేదు. అది 2014. జూలైలో వానకు నాచు పట్టిన బడి మెట్ల మీద జారి పడ్డాను. ఎడమ చీలమండ ఎముక చిట్లింది. పరకాల దగ్గర ఉన్నత పాఠశాలలో తెలుగు చెప్పే నేను, హనుమకొండ నయీంనగర్‌లోని మా ఇంట్లో ఆరు వారాలు పిండికట్టుతో మంచం మీద ఉండిపోయాను. ఆగస్టు చివర కట్టు విప్పారు. నాలుగో రోజు పొద్దున లేచేసరికి పిక్క బరువుగా, వెచ్చగా ఉంది. ఇన్నాళ్లూ కదలని కాలు కదా, వాపు సహజమేనని వేడినీళ్ల కాపడం పెట్టుకున్నాను. మర్నాటికి చీర కుచ్చెళ్లు ఎత్తి చూస్తే రెండు కాళ్లూ ఒక మనిషివిగా లేవు. డాక్టర్ టేపు పెట్టి కొలిచారు. ఎడమ పిక్క కుడిదానికంటే 4 సెంటీమీటర్లు ఎక్కువ. ఆయన మరో మాట లేకుండా, సిరల్లో నెత్తురు ఎలా పారుతుందో తెర మీద చూపించే డాప్లర్ పరీక్షకు పంపారు.

ఆ పరీక్ష ఇప్పటికీ కళ్లముందు ఉంది. తెర మీద రక్తనాళాలు నల్లటి గుండ్రాలుగా కనిపించాయి. కాలి మీద పరికరాన్ని నొక్కినప్పుడల్లా ఒక గుండ్రం నోరు మూసుకున్నట్టు చదునైపోతోంది, వదలగానే తెరుచుకుంటోంది. తొడ దగ్గర అలాగే మూసుకుంది. మోకాలి వెనక్కి వచ్చేసరికి మూసుకోలేదు. పరీక్ష చేస్తున్నామె మళ్లీ నొక్కింది. గుండ్రం అలాగే ఉంది. లోపల ఏదో నిండి ఉందని నాకూ అర్థమైంది.

జబ్బు పేరు డీప్ వెయిన్ థ్రాంబోసిస్, అంటే లోతు సిరలో నెత్తురు గడ్డకట్టడం. ఆ రోజు నన్ను జబ్బు కన్నా మాటలే ఎక్కువ భయపెట్టాయి. ఇరవై ఏళ్లు పిల్లలకు పదాల అర్థాలు చెప్పిన నేను, గడ్డ అనే మాట ఇంతమందిని ఇన్ని దారులు పట్టిస్తుందని ఎన్నడూ ఆలోచించలేదు. ఉల్లిగడ్డ, ఆలుగడ్డ, మంచుగడ్డ, సెగగడ్డ అన్నీ గడ్డలే. ఆ జూన్ 2న రాష్ట్రం వచ్చింది, ఏ సభలో విన్నా 'ఈ గడ్డ' అనే మాటే. వీటన్నిటి మధ్య, ప్రవహించాల్సిన నెత్తురు గట్టిపడిందని ఒక పల్లె మనిషికి ఎలా తెలియాలి? నరం అన్న మాటతో ఇంకో చిక్కు. మనం నాడికీ సిరకూ ఒకే మాట వాడతాం. చూడవచ్చిన బంధువుల్లో సగం మంది నాకు పక్షవాతం వస్తుందనుకున్నారు.

అత్తమ్మకు నేను చెప్పింది ఇది. "రాత్రి పాలల్లో తోడు వేస్తే పొద్దునకు పెరుగవుతుంది కదా. నా కాలి సిరలో నెత్తురు అలా తోడుకుంది. అది పుండు కాదు, పెరిగే కంతి కాదు." ఆమె కళ్లు తుడుచుకుని, "పెరుగు మళ్లీ పాలు కాదు కదా బిడ్డా" అంది. ఆ ప్రశ్న మర్నాడు డాక్టర్‌ను అడిగాను. పెరుగు పాలు కాదు గానీ నెత్తుటి గడ్డను మాత్రం ఒళ్లే మెల్లగా కరిగించుకుంటుందని ఆయన చెప్పారు. మందు చేసే పని ఆ గడ్డ పెరగకుండా, కొత్తది కట్టకుండా చూడటం. తరవాత తెలిసింది, థ్రాంబోస్ అనే గ్రీకు మాటకు ముద్ద అనే కాక, తోడుకున్న పాల గడ్డ అనే అర్థమూ ఉంది. మా వంటింటి పోలిక తప్పు కానందుకు ఎంతో ఊరట కలిగింది.

కట్టిన చోటే ఉంటే అది థ్రాంబస్. తెగి నెత్తుటితో కొట్టుకుపోతే ఎంబోలస్. ఈ రెండు అవస్థలనూ విడదీసి, ఒకదానికి మరొకటి కారణమని చూపినవాడు 19వ శతాబ్దపు జర్మన్ వైద్యుడు రుడాల్ఫ్ విర్చో. కాలిలోది తెగితే అది గుండె కుడివైపు గుండా ఊపిరితిత్తికి చేరి అక్కడ బిరడాలా అడ్డుపడుతుంది. ప్రాణం పోయేది అందువల్లే. "హఠాత్తుగా ఆయాసం వచ్చినా, ఊపిరి పీలిస్తే ఛాతీలో పోటు వచ్చినా, దగ్గితే నెత్తురు పడినా అర్ధరాత్రి అయినా వచ్చేయాలమ్మా" అని డాక్టర్ రెండుసార్లు చెప్పారు. కాపడం, మర్దనా వద్దన్నారు. అంతకు ముందు రోజే పక్కింటామె నువ్వుల నూనెతో పిక్క రుద్దుతానని వచ్చింది. ఒళ్లు బాగాలేదని పంపేశాను. అదెంత మంచిదయిందో.

పొట్ట చర్మం కింద పూటకొక హెపారిన్ జాతి ఇంజెక్షను, దానితో పాటే రాత్రి 8 గంటలకు వార్ఫరిన్ 5 మిల్లీగ్రాముల మాత్ర. రెండూ ఎందుకని అడిగాను. వార్ఫరిన్ విటమిన్ కె పనికి అడ్డుపడుతుంది. గడ్డకట్టే పదార్థాలలో రెండు, ఏడు, తొమ్మిది, పది సంఖ్యలవి కాలేయంలో తయారవ్వాలంటే ఆ విటమిన్ కావాలి. మాత్ర కొత్తవాటిని ఆపుతుంది గానీ అప్పటికే నెత్తురులో ఉన్నవాటిని తీసేయలేదు. ఏడోది కొన్ని గంటల్లో తరిగిపోతుంది. రెండోది, అంటే ప్రోథ్రాంబిన్, తరగడానికి రోజులు పడుతుంది. ఆ అయిదారు రోజులూ ఇంజెక్షను కాపలా కాస్తుంది.

ఈ వార్ఫరిన్ మొదట ఎలుకల మందుగా వచ్చిందని ఎవరో చెబితే ఇంట్లో అలజడి. నిజమే, 1948లో అమెరికాలో ఎలుకల కోసమే అమ్మారు. మనుషులకు 1954 నుంచి ఇస్తున్నారు. దాని మూలం మాత్రం పశువుల మేతలో ఉంది. బూజు పట్టిన స్వీట్ క్లోవర్ గడ్డి తిన్న పశువులు నెత్తురు ఆగక చచ్చిపోయేవి. 1933లో విస్కాన్సిన్‌లో ఒక రైతు మంచుతుఫానులో చచ్చిన పశువునూ, పాల డబ్బా నిండా గడ్డకట్టని నెత్తురునూ తీసుకుని విశ్వవిద్యాలయానికి వెళ్లాడు. కార్ల్ పాల్ లింక్ అనే రసాయన శాస్త్రవేత్త బృందం ఏళ్ల తరబడి శ్రమించి ఆ గడ్డిలోని పదార్థాన్ని పట్టుకుంది. పుట్టినప్పటి నుంచి పశువుల మధ్య బతికిన అత్తమ్మకు ఈ కథ చెప్పాను. "బూజు గడ్డి వేయొద్దని మా నాయన ఊరికే అనలేదు" అంది. ఆ తరవాత మాత్ర వేళకు నీళ్లు తెచ్చి ఇచ్చేది ఆమే.

ఇక అసలు మాట. ఆరో రోజు ఇంటికి పంపుతూ చేతికిచ్చిన, నెత్తురు ఎంతసేపటికి గడ్డకడుతుందో చూసే పరీక్ష కాగితంలో 'పీటీ 26 సెకన్లు, కంట్రోల్ 13, ఐఎన్ఆర్ 2.3' అని ఉంది. మూడు రోజుల తరవాత ఇంటి దగ్గరి ల్యాబులో మళ్లీ పరీక్ష. నీలం మూత గొట్టంలో నెత్తురు తీస్తూ ఆ అబ్బాయి, "గీత దాకా రావాలి మేడమ్, తక్కువైతే లెక్క తప్పుతుంది" అన్నాడు. అందులో ముందే ఉన్న సిట్రేటు నెత్తురులోని కాల్షియాన్ని పట్టేసి గడ్డకట్టకుండా ఆపుతుందట, తొమ్మిది పాళ్ల నెత్తురుకు ఒక పాలు. ఈసారి పీటీ 27.6, కంట్రోల్ 12 వచ్చింది. మా ఆయన రెండు కాగితాలూ పక్కపక్కన పెట్టి, ఒకటిన్నర సెకన్లు పెరిగిందని కంగారుపడ్డారు. డాక్టర్ సెకన్ల వైపు చూడనే లేదు. వేలు నేరుగా చివరి అంకె మీద పెట్టారు. ఐఎన్ఆర్ 2.3. ఏమీ మారలేదన్నారు.

సెకన్లు మారి అంకె ఎందుకు మారలేదు? ఆయన చీటీ వెనక రాసి చూపించారు. పీటీ అంటే ప్రోథ్రాంబిన్ టైమ్, 1935లో ఆర్మండ్ క్విక్ అనే అమెరికన్ వైద్యుడు కనిపెట్టిన పరీక్ష. నెత్తురులోంచి కణాలు తీసేయగా మిగిలిన ద్రవంలో, అంటే ప్లాస్మాలో, కాల్షియం, గడ్డకట్టడాన్ని మొదలుపెట్టే థ్రాంబోప్లాస్టిన్ కలిపి ఎన్ని సెకన్లకు గడ్డకడుతుందో చూస్తారు. ఆ థ్రాంబోప్లాస్టిన్ అన్ని ల్యాబుల్లోనూ ఒకే బలంతో ఉండదు.

వింటూ ఉండగానే నాకు తోడు గుర్తొచ్చింది. మా ఇంట్లో తోడు పులుపు ఎక్కువ, పాలు తొందరగా తోడుకుంటాయి. పక్కింటి తోడు మెత్తన, పొద్దెక్కితే గానీ గడ్డ కట్టదు. రెండిళ్ల పాలూ ఒకే బర్రెవి అయినా వేళ మారుతుంది. ల్యాబులోని తోడు థ్రాంబోప్లాస్టిన్. దాని బలాన్ని తెలిపే అంకె ఐఎస్ఐ. రోగి సెకన్లను మామూలు మనిషి సెకన్లతో, అంటే కాగితంలోని కంట్రోల్‌తో, భాగించి, వచ్చినదాన్ని ఐఎస్ఐ ఘాతానికి హెచ్చిస్తే ఐఎన్ఆర్. ఆసుపత్రిలో 26ను 13తో భాగిస్తే 2, అక్కడి ఐఎస్ఐ 1.2 గనక 2.3 అయింది. ఇంటి దగ్గరి ల్యాబులో 27.6ను 12తో భాగిస్తే 2.3, అక్కడ ఐఎస్ఐ 1, కాబట్టి అలాగే మిగిలింది. ఇంటర్నేషనల్ నార్మలైజ్డ్ రేషియో అంటే ఏ ఊరి తోడుతో చూసినా ఒకే మాట పలికేలా సరిచేసిన నిష్పత్తి. 1983లో ప్రపంచ ఆరోగ్య సంస్థ దీన్ని తెచ్చింది. అంతకు ముందు ఊరు మారిన రోగికి మాత్రల మోతాదు ఎంత గందరగోళంగా ఉండేదో తలచుకుంటే గుండె ఝల్లుమంటుంది.

మందు వాడని మనిషికి ఈ అంకె ఒకటికి అటూ ఇటూ. నాలాంటి రోగికి 2కూ 3కూ మధ్య ఉండాలి. రెండు కన్నా తగ్గితే గడ్డ పెరిగే భయం, మూడు దాటి పైకి పోతే నెత్తురు కారే భయం. మా ఆయన మాత్రం చాలా రోజులు దీన్ని హిమోగ్లోబిన్ లాగా చూశారు, పెరిగితే సంతోషం, తగ్గితే దిగులు. 'రక్తం పలుచన చేసే మందు' అన్న మాట కూడా ఇలాగే తప్పుదారి పట్టిస్తుంది. నెత్తురు పలుచనవదు. అవే కణాలు, అదే చిక్కదనం. గడ్డకట్టడానికి పట్టే వేళ మాత్రమే పెరుగుతుంది. పలుచన అన్న మాట విని, రక్తం పట్టాలని అత్తమ్మ రోజూ తోటకూర, పాలకూర, పుంటికూర మార్చి మార్చి వండింది. సెప్టెంబరు మూడో వారంలో ఐఎన్ఆర్ 1.4కు పడిపోయింది. ఆకుకూరల్లో విటమిన్ కె మెండు. ఆమె ప్రేమ, నా మాత్ర ఎదురెదురుగా నిలబడ్డాయి. డాక్టర్ ఆకుకూర మానమనలేదు. వారానికి ఎన్నిసార్లు, ఎంత అన్నది మార్చకుండా తినమన్నారు. ఆ లెక్కనే మోతాదు సరిచేస్తానన్నారు.

సద్దుల బతుకమ్మ అక్టోబరు 2న వచ్చింది. తంగేడు, గునుగు పేర్చడానికి కూర్చున్నాను గానీ ఆడటానికి దిగలేదు. పండగ తరవాత విరేచనాలు పట్టుకున్నాయి. ఒక మందుల దుకాణంలో చీటీ లేకుండానే మెట్రోనిడజోల్ ఇచ్చారు. వేరే ఏ మందులు వాడుతున్నానో అడగలేదు, మేమూ చెప్పలేదు. నాలుగో రోజు పళ్లు తోముతుంటే ఉమ్మి ఎర్రగా పడింది. ఎక్కడా తగలకుండానే మోచేతి దగ్గర నేరేడుపండు రంగు మచ్చ తేలింది. ఐఎన్ఆర్ 6.8. ఆ మెట్రోనిడజోల్ వార్ఫరిన్‌ను ఒంట్లోంచి పోకుండా ఆపుతుందట. డాక్టర్ వార్ఫరిన్ ఆపి, నోటి ద్వారా కొద్దిగా విటమిన్ కె ఇచ్చారు. రెండు రోజులకు 2.9కి దిగింది. ఆ రెండు రాత్రులూ మా ఆయన నిద్రపోలేదు. నిద్రలో నేను గోడకు తల కొట్టుకుంటానేమోనని ఆ వైపు దిండ్లు పేర్చారు. వార్ఫరిన్ వాడేవారు పంటి నొప్పికి మాత్ర కొన్నా సరే, ముందు ఆ సంగతి చెప్పి తీరాలి. చీటీ జేబులో పెట్టుకుని తిరగాలి.

నవంబరులో బిగుతు మేజోడు వేసుకుని తెల్లవారుజామున భద్రకాళి చెరువు కట్ట మీద నడక మొదలుపెట్టాను. మొదటి రోజు రెండు వందల అడుగులు. నెలాఖరుకు కట్ట ఈ కొస నుంచి ఆ కొస దాకా. డిసెంబరు మొదట్లో డాప్లర్‌లో ఆ గుండ్రం చాలావరకు మూసుకుంది. కాలు విరిగి కదలకుండా ఉండటమనే కారణం తెలిసిన గడ్డ కనుక మూడు నెలలతో మాత్ర ఆపేశారు.

వారం తరవాత చివరి పరీక్ష. కాగితం తెచ్చి మా ఆయన దిగులుగా, "మళ్లీ 1.1కి పడిపోయింది" అన్నారు. అత్తమ్మ చాటలో పుంటికూర గిల్లుతోంది. తల ఎత్తకుండానే, "మందు ఆపాక ఒకటి దగ్గరే ఉంటుంది నాయనా. ఇప్పుడు దానికి దాని తోడే" అంది. ఆ రోజు కూర కొంచెం ఎక్కువే వండింది.