గంజి పెట్టిన పంచెలు

రాత్రి పదకొండు దాటింది, ఈయన ఎప్పుడో నిద్రపోయారు, నాకు మాత్రం దండెం మీద వేలాడుతున్న 14 పంచెలు కళ్ళ ముందు నుంచి కదలడం లేదు. బడి పిల్లల ఉప్పు సత్యాగ్రహం నాటకానికి దుస్తులు చూస్తానని మాటిచ్చి, రెండు రాత్రులు మేలుకుని, టీ డికాషన్‌లో ముంచి, మోకాళ్ళ దగ్గర ఇటుకముక్కతో రుద్ది, ఉప్పు మళ్ళలో పనిచేసే కూలీలవిగా తయారుచేసిన పంచెలవి. ఈ రోజు వెళ్ళేసరికి అన్నీ తళతళలాడుతూ, ఇస్త్రీ మడతలతో బల్ల మీద దొంతరగా ఉన్నాయి. "మాసిపోనాయని ఉతికించీసినానమ్మా, గంజి కూడా ఎట్టించీసినాను" అని బడి ఆయా సంబరంగా చెప్పింది.

అంతకంటే బాధ, గాంధీ వేషానికి పొందూరు నుంచి తెచ్చిన పంచెది. వాలుగ చేప దవడ ఎముకతో పత్తిని దువ్వి, చేత్తో వడికిన నూలుకు ఒక మీగడ రంగు ఉంటుంది. దానికి నీలిమందు పెట్టించారు. దీపాల కింద అది ఇప్పుడు ట్యూబులైటులా వెలుగుతుంది. నా మొహం చూసి అక్కడి మాస్టారొకరు, "గాంధీ సినిమాలోనూ అన్నీ తెల్ల పంచెలే కదండీ, దానికి కూడా ఆస్కార్ ఇచ్చేశారు" అని నవ్వారు. ఆ సినిమా దుస్తుల రూపకర్త భాను అథయ్యా 1983లో జాన్ మోలోతో కలిసి ఆ బహుమతి అందుకున్నది పంచెలు కొన్నందుకు కాదనీ, 1893లో దక్షిణాఫ్రికాలో సూటు తొడుక్కుని రైలెక్కిన బారిస్టరు 1921లో మదురైలో కొల్లాయికి చేరేదాకా ఆ మనిషి బట్టలు తగ్గుతూ రావడమే సగం కథ అనీ అప్పటికప్పుడు చెప్పవలసింది. చెప్పలేదు. ఇంటికొచ్చాక గిన్నెల మీద చూపించాను.

హైదరాబాదులో పన్నెండేళ్ళు సినిమాలకు దుస్తులు చూసిన పనికి కూడా ఇదే మర్యాద దక్కేది. ఫైటుకీ వానకీ ఒకే చొక్కా నాలుగు జతలు కుట్టించి, నాలుగూ ఒకేలా పాతబడేటట్టు చూస్తే, "బట్టలమ్మాయి ఎక్కడ?" అని కేక వేసేవారు. గోడకు రంగు వేయించేదీ, ఆ గోడ ముందు నిలబడే మనిషికి చొక్కా ఇచ్చేదీ ఒకే డిజైనరు అయిన సినిమాలు నాకు రెండే తగిలాయి. మిగిలిన వాటిలో మా నీలం లుంగీలు వాళ్ళ నీలం గోడల్లో కలిసిపోయేవి.

అయితే ఇంత కోపంగా రాస్తూ దండెం వైపు చూస్తుంటే మామ్మ గుర్తుకొస్తోంది. ఆవిడకు రెండే చీరలు. ఒకటి ఒంటి మీద, ఒకటి దండెం మీద. చౌడు వేసి ఏటిలో ఉతుక్కునేది. ఆ చీర మీద మరక చూసిన జ్ఞాపకం నాకు లేదు. బిందె ఆనే నడుము దగ్గర మాత్రం నేత పలచబడి అవతలి వెలుతురు కనిపించేది. చిరిగిన చోట ఆ చీర అంచు నుంచే పోగు లాగి, దగ్గరగా చూస్తే తప్ప తెలియకుండా రఫూ చేసుకునేది. పేరంటానికి వెళ్ళేటప్పుడు ఆ చోటు పైకి కనిపించకుండా కుచ్చిళ్ళలోకి మడిచేది.

మరి నేను పన్నెండేళ్ళుగా పేదవాడి వేషమంటే మరకలే ఎందుకు పెడుతున్నాను? తెల్లబట్టను పలుచటి టీలో ముంచడం మొదట నేర్చుకున్నది కెమెరా ముందు తెలుపు మరీ మెరవకుండా ఉండడానికి. దానిని పేదరికానికి రంగుగా వాడుకోవడం ఎప్పుడు మొదలుపెట్టానో నాకే తెలియలేదు. ఆయా చేసినదాంట్లో సగం సరైనదేనని ఒప్పుకోవాలి. ఆమె ఇంట్లో ఎవరూ మాసిన పంచెతో నలుగురిలోకి వెళ్ళరు. గంజీ, ఇస్త్రీ మడతా మాత్రం తప్పే. ఉప్పు మడిలో వంగినవాడి పంచెకు అంత నిటారు గీత ఉండదు.

బక్కెట్టులో గోరువెచ్చని నీళ్ళు పోసి ఒక్కొక్కటే జాడిస్తున్నాను. ఇప్పటికి తొమ్మిది పంచెలకు గంజి వదిలింది. మోకాళ్ళ దగ్గర కాక, కావడి ఆనే భుజాల దగ్గర పైపంచెలను ఇటుకముక్కతో పలచబరచాలి. పొందూరు పంచె నీలి మాత్రం మూడు నీళ్ళు మార్చినా పూర్తిగా వదలలేదు.