2036లో తీరాల్సిన హోమ్ లోను 2042కి జరిగింది: నా అనుభవం

ఈ వారమే బ్యాంకు నుంచి కొత్త చెల్లింపుల షీటు చేతికొచ్చింది. కోపం చల్లారకముందే రాసేస్తున్నాను. హోమ్ లోను ఉన్నవాళ్లు, ముఖ్యంగా 2022 మేకి ముందు తీసుకున్నవాళ్లు, ఓపిక చేసుకుని చదవండి. నేను కోనసీమలో గవర్నమెంటు హైస్కూల్లో లెక్కల టీచర్ని. ఎనిమిదో తరగతి పిల్లలకి చక్రవడ్డీ నేర్పేది నేనే. ఈ మాట ముందే చెప్పడం అవసరం.

లోను రావడం పెద్ద కష్టం కాలేదు. 2021లో అమలాపురం దగ్గర మా స్థలంలో ఇల్లు మొదలుపెట్టాం. ఈసీ (స్థలం మీద వేరే అప్పుల్లేవని చూపే రిజిస్ట్రారు ఆఫీసు కాగితం), లింకు డాక్యుమెంట్లు, ప్లాన్ అప్రూవల్, లాయరు ఒపీనియన్ అన్నీ సాఫీగా అయిపోయాయి. ఒక్క మెరక దగ్గరే చిక్కొచ్చింది. మాది పల్లపు స్థలం, రోడ్డు మట్టానికి తేవడానికే లారీల కొద్దీ మట్టి పోయించాం. వాల్యుయేషన్‌కి వచ్చిన ఇంజినీరు ఆ ఖర్చు ఎస్టిమేట్‌లోకి రాదన్నాడు. మన వైపు ఇల్లు కట్టేవాళ్లు మెరక డబ్బు ముందే పక్కన పెట్టుకోండి.

శ్లాబు అయ్యేదాకా విడతలుగా ఇచ్చిన సొమ్ముకి కట్టిన వడ్డీ వేరు, దాంతో అసలు పైసా తగ్గదు. మొత్తం ఇచ్చేశాక ఈఎంఐ మొదలైంది. 20 లక్షలు, 15 ఏళ్లు, 6.90 శాతం, నెలకి 17,865. మొదటి వాయిదా 2021 నవంబరు, ఆఖరిది 2036 అక్టోబరు. 180 వాయిదాలు కడితే 32,15,700. అంటే వడ్డీ 12,15,700. ఈ లెక్క ఎవరో చెబితే తెలుసుకున్నది కాదు, సంతకం పెట్టిన రోజే వేసుకున్నాను. వాయిదాల షీటు ప్రింటు తీసి బీరువా తలుపుకి లోపలివైపు అంటించాను కూడా.

ఆ 20 లక్షల్లో 60 వేలు ఇన్సూరెన్సు. ఒకేసారి కట్టే ప్రీమియం, దాన్నీ లోనులోనే కలిపేశారు. రూలు ప్రకారం తప్పనిసరి కాదు. కానీ వద్దంటే ఫైలు కదలదన్నట్టు మాట్లాడారు. అప్పటికే తాపీమేస్త్రి అడ్వాన్సు తీసుకుని కూర్చున్నాడు. 6.90 చొప్పున 15 ఏళ్లు కడితే ఆ 60 వేలు 96 వేలకు పైన తేలుతుంది. లోనులో కలిపిన ప్రతి రూపాయికీ ఇదే కథ.

ఇక అసలు సంగతి. 2025 జనవరిలో ఇన్‌కమ్ టాక్స్ కోసం వడ్డీ సర్టిఫికెట్ తీసుకున్నాను. 2024-25కి అసలు 39,796, వడ్డీ 1,74,584 అని ఉంది. ఏడాదికి 2 లక్షల 14 వేలు కడుతుంటే అప్పు 40 వేలు కూడా తగ్గడం లేదన్నమాట. బీరువా తలుపు తీసి షీటు చూశాను. అందులో ఆ నెల కట్టే 39వ వాయిదాలో అసలు కింద 7,914 జమ కావాలి. పాస్‌బుక్కు ప్రకారం చూస్తే 3,407 మాత్రమే. అంతకన్నా విడ్డూరం, మొట్టమొదటి నెలలోనే 6,365 జమైంది. ఈఎంఐలో అసలు వాటా నెలనెలా పెరగాలి, అప్పు తీరే పద్ధతే అది. నాది వెనక్కి నడిచింది.

ఫ్లోటింగ్ రేటని, అంటే రెపోని (బ్యాంకులకి రిజర్వ్ బ్యాంకు ఇచ్చే అప్పు మీద వడ్డీ రేటు) బట్టి మారుతుందని తెలుసు. 2022 మేలో 4 శాతం ఉన్న రెపో, 2023 ఫిబ్రవరికి 6.50 అయిందనీ తెలుసు. నా రేటు 6.90 నుంచి 9.40కి వెళ్లిందన్నమాట. ఈఎంఐ మాత్రం పైసా మారలేదు. మరి పెరిగిన వడ్డీ ఎక్కడ తీస్తున్నారు? అది అడగడానికి బ్యాంకుకి వెళ్లాను.

లోన్ల సెక్షన్లో కుర్రాడే, ముప్పై ఏళ్లుంటాయేమో. అడిగింది విని, స్క్రీన్ వైపే చూస్తూ, "అది సిస్టమ్ చేస్తుంది మేడం, మీకు అర్థం కాదు. సార్‌ని తీసుకురండి, చెబుతాను" అన్నాడు. లోను నా పేరు మీద ఉంది. ఈఎంఐ పోయేది నా జీతం ఖాతాలోంచి. మా ఆయన కో-అప్లికెంట్ మాత్రమే. ఆ రోజు స్కూలుకి టైమ్ అయిపోతోందని వచ్చేశాను. దారి పొడుగునా చెవులు వేడెక్కిపోయాయి. పాతికేళ్లుగా లెక్కలు చెబుతున్నదాన్ని, నాకు అర్థం కాదంట.

తర్వాత మా ఆయన్ని వెంటబెట్టుకుని వెళ్లాను. ఆయన కొబ్బరితోట, వరిచేను మనిషి, బ్యాంకంటే ఆమడ దూరం. ఆ అబ్బాయి ఆయనకి కుర్చీ చూపించాడు. నేను నిలబడే ఉన్నాను. "రేట్లు పెరిగాయి కదా సార్, అయినా మీకు ఈఎంఐ పెంచలేదు. ఒక రకంగా మేలే చేశాం" అన్నాడు. మా ఆయన "ఆయ్, నాకివేం తెలవ్వండి, లెక్కలన్నీ ఆవిడవే, ఆవిడకే చెప్పండి" అన్నారు. అయినా ఆ అబ్బాయి తల ఇటు తిప్పలేదు. "మీకు నూటికి రూపాయి వడ్డీ కూడా పడట్లేదు సార్, 78 పైసలే. బయట రెండు, మూడు రూపాయలు" అని ఆయనకే చెప్పుకుపోతున్నాడు.

78 పైసలు నిజమే, 9.40ని పన్నెండుతో భాగిస్తే అంతే వస్తుంది. మన ఊళ్లలో అప్పుని తూచేది ఈ నూటికి రూపాయి లెక్కతోనే, అందుకే ఆ మాట వినగానే ఎవరైనా ఊరుకుంటారు. కానీ బయట రెండు రూపాయల వడ్డీకి తెచ్చింది దాళ్వా (రెండో పంట) డబ్బు రాగానే తీర్చేస్తాం. ఇది ఎన్నేళ్లకి? "ఆఖరి వాయిదా ఎప్పుడు బాబూ?" అని అడిగాను. "అది చూడాలి మేడం." "చూడండి." మానిటర్ అటు తిప్పుకుని ఏదేదో నొక్కి, గొంతు తగ్గించి చెప్పాడు. 2042 సెప్టెంబరు.

నేను రిటైరయ్యేది 2041లో.

పక్కనే దారానికి కట్టిన పెన్ను ఉంది. డిపాజిట్ చలానా వెనక్కి తిప్పి, నిలబడే వేశాను. అప్పటికి బాకీ 18,45,709. దానిమీద నెల వడ్డీ 14,458. కట్టేది 17,865. అసలుకి మిగిలేది 3,407. ఈ లెక్కన ఇంకా 212 నెలలు, ఆపైన ఒక చిన్న వాయిదా. మొదటి షీటు ప్రకారమైతే 142 చాలు. అదనంగా 70 నెలలు, నెలకి 17,865 చొప్పున 12,50,550. "మీరు చేసిన మేలు పన్నెండున్నర లక్షలు" అని ఆ చలానా మా ఆయన ముందు కాదు, ఆ అబ్బాయి ముందు పెట్టాను. మొత్తం మీద 20 లక్షల అప్పుకి 24 లక్షల 66 వేల పైనే వడ్డీ.

"పెద్దగా మాట్లాడకండి మేడం, కస్టమర్లున్నారు" అన్నాడు. ఉన్నారు. వెనకాల డ్వాక్రా గ్రూపు ఆడవాళ్లు పుస్తకాలు పట్టుకుని నిలబడ్డారు. అందులో ఒకావిడ అందుకుంది: "మా పుస్తకంలో ఏ నెలకి అసలెంతో, వడ్డీ ఎంతో రాసుకుంటామండీ. టీచరుగారికి చెప్పడానికి మీకేం వచ్చింది?" ఆవిడెవరో నాకు తెలియదు, ఆవిడ కడుపు చల్లగా ఉండాలి.

అప్పుడు మేనేజరు గదిలోకి పిలిచాడు. అక్కడా అదే పాట, "మెసేజ్ పంపాం కదా". ఏ మెసేజూ లేదు, నా ఫోన్లో ఓటీపీలు కూడా చెరిపెయ్యను నేను. మీ అందరికీ పనికొచ్చే ముక్క ఇక్కడే ఉంది. 2023 ఆగస్టు 18న రిజర్వ్ బ్యాంకు సర్క్యులర్ ఇచ్చింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచుకుంటారా, గడువు పొడిగించుకుంటారా, రెండూ కొంతకొంత చేసుకుంటారా అని అప్పు తీసుకున్నవాళ్లని అడగాలి. పాత లోన్లకీ 2023 డిసెంబరు 31లోగా ఇది అమలు చెయ్యాలి. మూడు నెలలకోసారి ఎంత అసలు, ఎంత వడ్డీ వసూలైంది, ఇంకెన్ని వాయిదాలున్నాయి, రేటెంత అనే స్టేట్‌మెంట్ ఇవ్వాలి. నన్నెవరూ అడగలేదు. అడిగి ఉంటే, 2023 ఏప్రిల్లో నెలకి 2,940 పెంచి 20,805 చేసుకునేదాన్ని, 2036లోనే తీరిపోయేది. అదనంగా పడేది 4 లక్షల 79 వేలు, పన్నెండున్నర లక్షలు కాదు. మూడు వేలకి వెనకాడే సంసారం కాదు మాది.

నోటితో అడిగితే పని జరగదని అర్థమైంది. సర్క్యులర్ తేదీ వేసి తెలుగులో ఉత్తరం రాశాను. ఇంగ్లీషులో రాయమన్నారు. కోనసీమలో బ్రాంచి పెట్టుకుని తెలుగు రాదంటే ఎలాగని అడిగి, రెండో కాపీ మీద ముద్ర వేయించుకునే కదిలాను. ఆ ముద్ర చాలా ముఖ్యం. బ్యాంకు 30 రోజుల్లో తేల్చకపోతే రిజర్వ్ బ్యాంకు అంబుడ్స్‌మన్‌కి (బ్యాంకుల మీద ఫిర్యాదులు వినే అధికారి) ఆన్‌లైన్లో ఫిర్యాదు పెట్టొచ్చు, డబ్బు కట్టక్కర్లేదు. నాకు అంతదాకా వెళ్లే పని పడలేదు. ఎందుకంటే ఈలోగా ఇంకో బ్యాంకుకి వెళ్లి లోను మార్చుకుంటే ఎంతకిస్తారో కాగితం మీద రాయించుకొచ్చాను. కొత్తవాళ్లకి నాకన్నా దాదాపు శాతం తక్కువకి ఇస్తున్నారు! పాత కస్టమర్లు అడగరు కాబట్టి పాత రేటులోనే ఉంటారు. నిజంగా మారితే మళ్లీ లాయరు, మళ్లీ వాల్యుయేషన్, మళ్లీ రిజిస్ట్రేషన్ ఖర్చు, అందుకని మారే ఉద్దేశం నాకు లేదు. కానీ ఆ కాగితం టేబుల్ మీద పెట్టేసరికి "మేడం" కాస్తా "మేడంగారూ" అయింది, టీ కూడా వచ్చింది. తాగలేదు.

మార్చిలో కన్వర్షన్ ఫీజు, దానిమీద జీఎస్టీ కట్టించుకుని స్ప్రెడ్ (రెపో మీద బ్యాంకు కలిపే శాతం) 2.90 నుంచి 2.40కి దించారు. ఫిబ్రవరిలో రెపో కూడా పావు శాతం తగ్గడంతో రేటు 8.65 అయింది. ఏప్రిల్లో, జూన్లో రెపో మళ్లీ తగ్గాక 7.90కి వచ్చింది. ఇక్కడ చాలామంది బోల్తా పడతారు, రేటు తగ్గిందని ఈఎంఐ తగ్గించమంటారు. నేను 22,000కి పెంచమన్నాను. కొబ్బరి మీద వచ్చింది, నా చీటీ డబ్బు కలిపి 2 లక్షలు ఏప్రిల్లో అసలుకి కట్టేశాను. ఫ్లోటింగ్ రేటు హోమ్ లోను ముందే కట్టినా పెనాల్టీ వేయకూడదు, ఎవరైనా వేస్తామంటే రాతలో ఇమ్మనండి. కట్టేటప్పుడు "గడువు తగ్గించండి, ఈఎంఐ కాదు" అని కూడా రాతలోనే ఇవ్వండి.

దీనికి మా ఆడపడుచు భర్త, మాకు అన్నయ్యగారు, అడ్డుపడ్డారు. "ముందే కట్టేస్తే టాక్స్ బెనిఫిట్ పోతుందమ్మా" అని. ఇన్‌కమ్ టాక్స్ పాత పద్ధతిలో ఇరవై శాతం స్లాబులో ఉన్న నాకు లక్షా డెబ్బై నాలుగు వేల వడ్డీ మీద కలిసొచ్చేది సెస్సుతో కలిపి ముప్పై ఆరు వేలు. మిగతా లక్షా ముప్పై ఎనిమిది వేలు ఎవరిస్తారు అన్నయ్యగారూ అంటే, టీవీ సౌండు పెంచారు. చదువుకున్న మగవాళ్లలో ఈ జబ్బు ఎక్కువ. గృహప్రవేశానికి ఊరంతటికీ విస్తళ్లు వేయించమనేది వీళ్లే, అప్పు త్వరగా తీర్చుకుంటామంటే తెలివి నేర్పేదీ వీళ్లే.

కొత్త షీటు ప్రకారం, రేటు 7.90లోనే ఉంటే, ఆఖరి వాయిదా 2033 అక్టోబరు. మొత్తం వడ్డీ 12 లక్షలకి కొంచెం లోపు, అంటే మొదట వేసుకున్న లెక్క కన్నా తక్కువే. రేటు పెరిగితే మళ్లీ మారుతుంది, అది నాకు తెలుసు. మూడు నెలలకోసారి స్టేట్‌మెంట్ ఇప్పుడు మెయిల్లో వస్తోంది.

స్టాఫ్‌రూమ్‌లో సంగతి పాకిపోయింది. అందరూ ఫోన్లో ఈఎంఐ మెసేజ్ చూపించి "మేడం, మాది కరెక్టేనా?" అంటున్నారు. ఈఎంఐ చూసి ఏమీ చెప్పలేం. బాకీ ఎంత, రేటెంత, ఆఖరి వాయిదా తేదీ ఏది, ఈ మూడూ ఉన్న స్టేట్‌మెంట్ తెండి, ఖాళీ పీరియడ్‌లో వేసిపెడతాను అంటున్నాను. మా సోషల్ మాస్టారిది ఇరవై ఏళ్ల లోను, ఇరవై తొమ్మిదేళ్లకి వెళ్లిపోయి ఉంది. ఆయన ఇంట్లో ఇంకా చెప్పలేదట.

ఇన్సూరెన్సు 60 వేల సంగతి మాత్రం తేలలేదు. పాలసీ బాండు ఇమ్మంటే బ్యాంకు కంపెనీని అడగమంటోంది, కంపెనీ బ్యాంకుని అడగమంటోంది. దానికీ ఒక ఉత్తరం రాసి ముద్ర వేయించుకున్నాను. 30 రోజులు ఇంకా పూర్తి కాలేదు.