చీకటికి లైటింగ్

మన స్కూల్ బ్యాచ్ సంచికకి ఒక పేజీ రాయమని కమిటీ వాళ్లు మెసేజ్ పెట్టారు. దయ్యాల సినిమాల గురించే రాయాలని లాస్ట్ బెంచ్ పట్టుబట్టిందట. రాస్తాను గానీ, ముందు మన ఫిజిక్స్ సార్.

ల్యాబ్ కిటికీలన్నిటికీ నల్లగుడ్డ కట్టించి, ఒక్క చిల్లు వదిలిన రోజు గుర్తుందిగా? కళ్లు చీకటికి అలవాటు పడేదాకా ఎవరూ మాట్లాడొద్దన్నారు. మన లీడర్ మాట్లాడనే మాట్లాడింది. మెల్లగా ఎదురు గోడ మీద గ్రౌండ్ మొత్తం తలకిందులుగా తేలింది. హెడ్‌మాస్టారు కాళ్లు పైకి పెట్టి నడిచి వెళ్తుంటే మనకి నవ్వు ఆగలేదు. సార్ కూడా నవ్వారు, నేను చూశాను. తర్వాత కొవ్వొత్తి వెలిగించి, దూరం రెట్టింపైతే వెలుతురు నాలుగో వంతే మిగులుతుందని పుస్తకం మీద చూపించారు. నేను ఆ గదిలోంచి ఇంకా బయటికి రాలేదు.

ఇంటర్, డిగ్రీ వదిలేస్తున్నా. ఇప్పుడు చిన్న బడ్జెట్ హారర్ సినిమాలకి కెమెరామన్‌ని. కాసిని ఎల్‌ఈడీ ప్యానెళ్లు, ఒక టేబుల్ ల్యాంపు, నల్లగుడ్డలు, చాలాసార్లు అంతే సరంజామా. కొత్త డైరెక్టర్లు "మొత్తం చీకటిగా ఉండాలి సార్" అంటారు. లైటే లేకపోతే తెర మీద కనిపించేది చీకటి కాదు, నాయిస్, అంటే ఇసక చల్లినట్టు కదిలే చుక్కలు. మనిషి వెనక నుంచి సన్నటి లైటు భుజం అంచున పడాలి, ముఖం సగం నలుపులో ఉండాలి. అప్పుడే ప్రేక్షకుడు ఆ నలుపులోకి తొంగి చూస్తాడు. నాయిస్ రాకూడదనే షూటింగ్‌లో కాస్త ఎక్కువ ఎక్స్‌పోజ్ చేసి, అంటే కెమెరాలోకి వెలుతురు ఎక్కువ రానిచ్చి, తర్వాత రంగులు, వెలుతురు సరిచేసే గ్రేడింగ్‌లో కిందికి దించుతాను. ల్యాంపుని ముఖానికి దగ్గరగా జరిపి ఎక్స్‌పోజర్ తగ్గిస్తే వెనక గోడ నల్లబడిపోతుంది. అదంతా కొవ్వొత్తి లెక్కే.

1978లో హాలీవుడ్ కెమెరామన్ డీన్ కండీ 'హాలోవీన్' అనే హారర్ సినిమాని చాలా తక్కువ డబ్బుతో, వెడల్పాటి ఫ్రేమ్‌లో షూట్ చేశాడు. మనిషిని ఒక పక్కన నిలబెట్టి మిగతా ఫ్రేమ్ ఖాళీగా వదిలేస్తే భయం దానంతటదే వచ్చి కూర్చుంటుందని నేను ఆ సినిమా చూసే నేర్చుకున్నా. 'జురాసిక్ పార్క్'కి కెమెరా పట్టింది కూడా ఆయనే. పెద్ద సినిమాలకి వెళ్లమని నాకూ చెప్పేవాళ్లున్నారు. నాకు ఇక్కడే బాగుంది. కథ వినగానే నాకు ఫోన్ చేసే డైరెక్టర్లున్నారు, నా దగ్గర పనిచేసిన పిల్లలు సొంతంగా సినిమాలు తీస్తున్నారు. నా దగ్గర చేరిన ఎవరికైనా మొదటిరోజు పని గదికి నల్లగుడ్డ కట్టడమే.

కొత్త సినిమా త్వరలో వస్తోంది. ట్యూబ్‌లైట్ కింద ఫోన్లో మాత్రం చూడకండి, సగం పని కనపడదు. బ్యాచ్ అంతా వస్తామంటే షో నేను ఏర్పాటు చేస్తా.