టెక్సాస్‌లో గన్‌కి లైసెన్స్ అక్కర్లేదు, కానీ మా ఇంట్లో ఎవరికి?

మా ఇంట్లో నలుగురం. నేనూ మా ఆయనా హెచ్‌వన్ అనే ఉద్యోగం వీసా మీద ఉన్నాం, పెద్దది హైదరాబాద్‌లో పుట్టింది కాబట్టి మా వెనక వచ్చే హెచ్‌ఫోర్ వీసా, చిన్నోడు ఇక్కడే టెక్సాస్‌లో ప్లేనో ఊళ్ళో పుట్టాడు కాబట్టి పుట్టుకతోనే సిటిజన్. ఫీజుల దగ్గర, స్కాలర్‌షిప్‌ల దగ్గర, ఇండియా వెళ్ళొస్తే ఎయిర్‌పోర్ట్ లైన్‌లో ఈ తేడా కనిపిస్తూనే ఉంటుంది, అలవాటైపోయింది. గన్ విషయంలో కూడా ఇదే తేడా ఉందని మాత్రం మనవాళ్ళలో చాలామందికి తెలీదు, వీకెండ్ ఫోటోలు చూస్తే అర్థమవుతూనే ఉంది, అందుకే రాస్తున్నా.

ముందు చట్టం సంగతి. 2021 సెప్టెంబర్ 1 నుంచి టెక్సాస్‌లో 21 ఏళ్ళు నిండి, గన్ ఉంచుకోవడానికి చట్టప్రకారం అడ్డేమీ లేని ఎవరైనా సరే హ్యాండ్‌గన్ హోల్‌స్టర్‌లో పెట్టుకుని అందరికీ కనపడేలా బయట తిరగొచ్చు. లైసెన్స్ లేదు, క్లాస్ లేదు, పరీక్ష లేదు. హౌస్ బిల్ 1927 దాని పేరు, గవర్నర్ గ్రెగ్ అబ్బాట్ ఆ జూన్‌లో సంతకం పెట్టాడు. అంతకుముందు 2016 నుంచీ పైకి కనపడేలా పెట్టుకోవచ్చు కానీ లైసెన్స్ ఉండాలి. టెక్సాస్ అంటే మనకి గుర్రం, టోపీ, నడుముకి రివాల్వర్ గుర్తొస్తాయి గానీ అసలు 1871లో చేసిన చట్టం వల్ల ఇక్కడ పిస్టల్ పెట్టుకుని తిరగడం దాదాపు 1995 దాకా నేరమే, ఈ విషయం ఇక్కడ పుట్టి పెరిగిన తెల్లవాళ్ళకి చెప్పినా ఒక పట్టాన నమ్మరు.

మా అత్తయ్య వచ్చినప్పుడు మొక్కల కోసం హార్డ్‌వేర్ షాప్‌కి వెళ్ళాం. అక్కడ ఒకాయన, నిక్కరు, పాత టీషర్టు, చేతిలో టొమాటో నారు ట్రే, నడుముకి నల్ల పిస్టల్. అత్తయ్య నా చెయ్యి పట్టుకుని "మఫ్టీలో ఉన్న పోలీసా" అన్నారు. కాదత్తయ్యా మామూలు మనిషే అన్నా. "మరి పోలీసులు ఏమీ అనరా?" అంటే అనరు, ఊరికే పెట్టుకుని తిరగడం తప్పు కాదు, జనాన్ని భయపెట్టాలని చేత్తో తీసి ఊపితే అప్పుడు కేసు. ఆవిడ కాసేపు ఆలోచించి "అయితే భయపెట్టాలని పెట్టుకోలేదన్నమాట, మరి దేనికి పెట్టుకున్నాడు?" అన్నారు. నా దగ్గర సమాధానం లేదు, చిన్నోడు మాత్రం "నాన్నమ్మా అది హిజ్ రైట్" అన్నాడు, ఆవిడకి అర్థం కాలేదు, వదిలేశారు.

ఇప్పుడు వీసాల సంగతి. దేశమంతటికీ వర్తించే ఫెడరల్ చట్టం ప్రకారం హెచ్‌వన్, హెచ్‌ఫోర్, స్టూడెంట్ల ఎఫ్‌వన్ లాంటి నాన్-ఇమ్మిగ్రెంట్ (తాత్కాలిక) వీసాల మీద వచ్చినవాళ్ళు గన్ గానీ తూటా గానీ దగ్గర ఉంచుకోకూడదు, కొన్ని మినహాయింపులున్నాయి అంతే. 2022 నుంచి దీనికి శిక్ష 15 ఏళ్ళ దాకా పెంచారు, ఆయుధాల కేసులో శిక్ష పడితే దేశం నుంచి పంపించెయ్యొచ్చు కూడా. ఇంకో సంగతి, కొనుక్కుంటేనే తప్పు అనుకోవద్దు, చేత్తో పట్టుకోవడం కూడా పొసెషన్, అంటే దగ్గర ఉంచుకోవడం కిందకే వస్తుంది. మన కుర్రాళ్ళు బ్యాచిలర్ పార్టీ అని షూటింగ్ రేంజ్‌కి వెళ్ళి చెవులకి ఆ పెద్ద హెడ్‌ఫోన్లు పెట్టుకుని పిస్టల్ గురిపెట్టి ఫోటోలు దిగి ఫేస్‌బుక్‌లో పెడుతుంటారు, అందులో సగంమంది ఓపీటీ (చదువయ్యాక స్టూడెంట్ వీసా మీదే ఉద్యోగం), హెచ్‌వన్ బ్యాచే, చూసినప్పుడల్లా నాకు గుండె జారిపోతుంది. ఒక మినహాయింపు ఏంటంటే హంటింగ్ లైసెన్స్ చేతిలో ఉంటే పర్లేదు. అంటే లైసెన్సే అక్కర్లేదని గొప్పగా చెప్పుకునే రాష్ట్రంలో మనం మాత్రం జింకల్ని వేటాడే లైసెన్స్ కొనుక్కుంటే గానీ గన్ ముట్టుకోకూడదు. మా ఆయన ఇది విని చాలాసేపు నవ్వాడు. మా సబ్‌డివిజన్‌లో మనవాళ్ళ ఇళ్ళల్లో బంగారం కోసం దొంగలు పడ్డారని గ్రూపుల్లో మెసేజ్‌లు తిరిగినప్పుడు ఆయనకీ ఒకటి కొందామా అన్న ఆలోచన వచ్చింది లెండి, ఈ రూల్ చదివాక కెమెరాలు కొన్నాడు. గ్రీన్‌కార్డ్ వస్తే ఈ అడ్డు పోతుంది, కానీ ఈబీ-టూ అనే ఆ గ్రీన్‌కార్డ్ క్యూలో ఇండియా వాళ్ళ లైన్ ఎంత మెల్లగా కదులుతుందో మీకు తెలిసిందే కదా.

చిన్నోడికి ఇప్పుడు 16. స్కూల్లో డిబేట్ చేస్తాడు, పోయిన సెమిస్టర్‌లో వాడికి వచ్చిన టాపిక్ పర్మిట్‌లెస్ క్యారీ, అంటే లైసెన్స్ లేకుండా గన్ పెట్టుకుని తిరగడం, వాడికి ఇచ్చిన సైడ్ సపోర్ట్. నేను అన్నం వడ్డిస్తుంటే నా మీద ప్రాక్టీస్ చేసేవాడు. 1991లో కిలీన్ ఊళ్ళో లూబీస్ అనే కెఫెటేరియాలోకి ఒకడు ట్రక్కుతో దూసుకొచ్చి 23 మందిని కాల్చి చంపేశాడు, అక్కడున్న సుజానా హప్ అనే ఆవిడ తన గన్ కారులో వదిలేసి లోపలికొచ్చింది ఎందుకంటే అప్పటి చట్టం ఒప్పుకోదు, కళ్ళముందే అమ్మానాన్నలు పోయారు. తర్వాత ఆవిడ ఆ చట్టం మారాలని పోరాడి, లెజిస్లేచర్‌కి ఎన్నికైంది. 1995లో జార్జ్ బుష్ గవర్నర్‌గా ఉండగా లైసెన్స్‌తో గన్ దాచిపెట్టుకుని తిరగొచ్చని చట్టం వచ్చింది. వాడు ఇదంతా చెప్పి "నౌ టెల్ మీ అమ్మా" అని నిలబడ్డాడు. ఆవిడ బాధని కాదనలేం.

నేను మన ఊరి పద్ధతి చెప్పా. మాది కడప వైపు. తాతయ్యకి డబుల్ బ్యారెల్ తుపాకీ ఉండేది, ఆయుధాల చట్టం కింద లైసెన్స్, రెన్యువల్ టైమ్ వచ్చిందంటే ఆఫీసుల చుట్టూ తిరగడం, ఎన్నికలొస్తే చాలు పోలీస్ స్టేషన్‌లో అప్పజెప్పి రసీదు తెచ్చుకోవడం. ఖాకీ గుడ్డలో చుట్టిన ఆ తుపాకీని చిన్నాయన సైకిల్ మీద అడ్డంగా పెట్టుకుని వెళ్ళడం నాకు బాగా గుర్తుంది, రసీదు మాత్రం తాతయ్య చొక్కా జేబులోంచి కదిలేది కాదు. చూశావా, ప్రభుత్వం చేతిలో ఉంటుంది, లెక్క ఉంటుంది అన్నా. వాడు ఒక్క ప్రశ్న వేశాడు. "మీ ఊళ్ళో ఎవరెవరికి ఇచ్చారు లైసెన్స్?" ఆలోచిస్తే ఏముంది, తాతయ్యకి, సర్పంచ్‌కి, ఇంకో ఇద్దరు ముగ్గురు భూములున్న వాళ్ళకి. కూలోళ్ళ వాడలో ఎవరికీ లేదు. నాటుబాంబులకి లైసెన్స్ ఎవరూ అడగలేదు, అది వేరే సంగతి. "సో, పవర్‌ఫుల్ పీపుల్‌కి మాత్రమే" అని 2022లో సుప్రీంకోర్టు న్యూయార్క్ కేసులో ఇచ్చిన తీర్పు ఎత్తాడు, ప్రత్యేకమైన అవసరం ఉందని అధికారికి నచ్చజెప్పుకుంటేనే పర్మిట్ ఇస్తామంటే కుదరదని. అన్నం చల్లారిపోయింది గానీ వాడు చెప్పింది మాత్రం కొట్టిపారేసేది కాదు.

అయినా నేను ఒప్పుకోలేదు. ఒక ఆఫీసర్ ఇష్టం మీద లైసెన్స్ ఇవ్వడం వేరు, అడిగిన వాళ్ళందరికీ నేర్పించి ఇవ్వడం వేరు. టెక్సాస్‌లో ఉన్న పాత లైసెన్స్ రెండో రకమే, నాలుగు నుంచి ఆరు గంటల క్లాసు, రేంజ్‌లో కాల్చి చూపించడం, 40 డాలర్ల ఫీజు. కావాలంటే ఇప్పటికీ తీసుకోవచ్చు, తప్పనిసరి కాదు అంతే. ఆ నాలుగు గంటలు పెద్ద చదువేం కాదు, కానీ ఎక్కడ పెట్టుకోకూడదు, గొడవొస్తే ఎలా తగ్గాలి, ఇంట్లో ఎలా దాచాలి అనేది ఒక్కసారైనా చెవిన పడేది. మరి డ్రైవింగ్ లైసెన్స్ కోసం వీడి పక్కన నేనో మా ఆయనో 30 గంటలు కూర్చోవాలి, అందులో పది గంటలు రాత్రి పూట, లాగ్ నింపి సంతకాలు పెట్టాలి. దానికి వాడు "డ్రైవింగ్ కాన్‌స్టిట్యూషన్‌లో లేదమ్మా" అంటాడు. ఈ దేశంలో పిల్లల్ని పెంచుతున్న వాళ్ళకి ఈ డైలాగ్ కొత్తేం కాదు.

డిబేట్ సంగతి పక్కనపెడితే నా అసలు భయం వేరే. 2023 మే 6న అలెన్ ఔట్‌లెట్ మాల్‌లో కాల్పులు జరిగి ఎనిమిది మంది చనిపోయారు, అందులో మన హైదరాబాద్ అమ్మాయి ఒకామె, ఇంజినీర్. ఈ చుట్టుపక్కల ఉండే తెలుగువాళ్ళందరం బట్టలకీ బూట్లకీ వెళ్ళే చోటే అది. వేరే పని మీద అక్కడే ఉన్న ఒక పోలీస్ ఆఫీసర్ పరిగెత్తుకెళ్ళి ఆ కాల్పులు జరిపినవాడిని కాల్చేశాడు కాబట్టి అక్కడితో ఆగింది. అప్పటినుంచి మాల్‌లో ఎవరి నడుముకైనా గన్ కనిపిస్తే నేను చూసేది ఒకటే, వీడు హక్కు ఉన్నవాడా లేక ఇంకో నిమిషంలో కాల్చబోయేవాడా, మొదటి బుల్లెట్ పేలేదాకా ఇద్దరూ ఒకేలా ఉంటారు. పోలీసులకీ ఇదే ఇబ్బంది. 2016 జులైలో డాలస్‌లో నిరసన జరుగుతుంటే ఒకడు ఐదుగురు పోలీసుల్ని చంపేశాడు, ఆ గుంపులోనే చట్టప్రకారం రైఫిల్ భుజానికి వేసుకుని నడుస్తున్న ఒక నల్లజాతి యువకుడి ఫోటోని పోలీసులే ట్విట్టర్‌లో పెట్టి అనుమానితుడు అన్నారు. అతనికి ఏ సంబంధమూ లేదు, వెంటనే తుపాకీ పోలీసులకి ఇచ్చేశాడు కూడా. రైఫిల్‌కి ఇక్కడ ఎప్పుడూ లైసెన్స్ లేదు, కాబట్టి అతను తప్పేం చెయ్యలేదు.

మా వాడికి ఈ కథ చెప్పి, నువ్వు ప్లేనోలో పుట్టావు, చూసేవాళ్ళకి మాత్రం ముందు నీ రంగు, గడ్డం కనిపిస్తాయి అన్నా. నారు ట్రే పట్టుకున్న ఆయన్ని ఎవరూ రెండోసారి చూడలేదు, అదే షాపులో అదే పిస్టల్‌తో నువ్వు నిలబడితే అలాగే ఉంటుందా? దీనికి మాత్రం వాడు డిబేట్ చెయ్యలేదు.

ఇంకో తలనొప్పి స్లీప్‌ఓవర్లు, అంటే పిల్లలు రాత్రి ఫ్రెండ్ ఇంట్లో పడుకోవడం. పిల్లాడిని ఎవరింటికైనా పంపేముందు మీ ఇంట్లో గన్ ఉందా, లాక్‌లో ఉందా అని అడగాలి, అమెరికన్ అమ్మలకి ఇది మామూలే. పక్కింటి ఆవిడ అయితే వేరుశెనగ ఎలర్జీ గురించి అడిగినట్టే అడుగుతుంది, నేను అడిగితే "సేఫ్‌లో ఉంది, కోడ్ మా ఇద్దరికే తెలుసు, చూస్తావా" అంది. మనవాళ్ళని అడగడమే కష్టం, నమ్మకం లేదా అంటారు. గ్రీన్‌కార్డ్ వచ్చిన ఒక అన్నయ్య వాళ్ళింట్లో దసరాకి ఆయుధపూజ ఫోటో పెట్టారు, టెస్లా ముందు నిమ్మకాయలు, పీట మీద ల్యాప్‌టాప్, చాకులు, పక్కన పిస్టల్, దానికి పసుపు, కుంకుమ, ఒక చామంతి పువ్వు. కింద అందరూ హార్ట్‌లు పెట్టారు. నేను వదినకి ఫోన్ చేసి ఏమీ అనుకోకు, పూజ అయ్యాక అది ఎక్కడ పెట్టారు అని అడిగా. "క్లోజెట్‌లో పైన, షూ బాక్స్‌లో, పిల్లలకి అందదులే" అంది. వాళ్ళ రెండోవాడు ఫ్రిజ్ ఎక్కి చాక్లెట్లు తీసే రకం. టెక్సాస్‌లో లోడ్ చేసిన గన్ 17 ఏళ్ళలోపు పిల్లల చేతికి అందేలా అజాగ్రత్తగా వదిలేస్తే తల్లిదండ్రుల మీద కేసు పెట్టొచ్చు, పిల్లాడు దాన్ని పేల్చి ఎవరైనా చనిపోయినా, తీవ్రంగా గాయపడినా ఏడాది దాకా జైలు. ఇది చెప్తే వదినకి కోపమొచ్చింది, ఓ నెల మాట్లాడలేదు. తర్వాత లాక్ బాక్స్ లింక్ ఏదైనా ఉంటే పంపమని మెసేజ్ పెట్టింది, పంపాను.

గుడి దగ్గర మాత్రం ఈ గొడవ లేదు. మేం వెళ్ళే గుడి తలుపు మీద చెప్పులు బయట విడవండి బోర్డు పక్కనే 30.06, 30.07 అని టెక్సాస్ చట్టంలోని సెక్షన్ నంబర్లు వేసి అంగుళం ఎత్తు అక్షరాలతో ఇంగ్లీష్‌లో, స్పానిష్‌లో నోటీసులు ఉంటాయి, లైసెన్స్ ఉన్నా గన్‌తో లోపలికి రావద్దని. ఒకటి దాచుకున్న వాళ్ళకి, ఒకటి పైకి పెట్టుకున్న వాళ్ళకి. లైసెన్స్ లేనివాళ్ళకి ఇప్పుడు 30.05 అని మూడోది కూడా వచ్చింది. అత్తయ్య ఆ నోటీసుల కింద చెప్పులు విప్పుకుని ఫోటో దిగి చెల్లెలికి పంపారు.

పెద్దదాని గొడవ ఇంకోటి. అది స్టేట్ యూనివర్సిటీలో చదువుతోంది. 2016 నుంచి ప్రభుత్వ యూనివర్సిటీల్లో లైసెన్స్ ఉన్నవాళ్ళు గన్ దాచిపెట్టుకుని క్లాసుకి రావచ్చు, పైకి కనపడేలా కుదరదు, లైసెన్స్ లేకుండా అసలే కుదరదు. క్యాంపస్ బయట అపార్ట్‌మెంట్‌లో ఉంటుంది ఇది, కొత్త రూమ్‌మేట్ ఈస్ట్ టెక్సాస్ పిల్ల, మంచిదే, వచ్చేటప్పుడు వాళ్ళ నాన్న ఇచ్చిన పిస్టల్ తెచ్చుకుంది. వాళ్ళ నాన్న దృష్టిలో అది కూతురి మీద ప్రేమ, మనం ఊరెళ్ళే కూతురి బ్యాగ్‌లో ఆవకాయ పెట్టినట్టు. మా పిల్లకి అది వీసా సమస్య. గన్ తనది కాకపోయినా ఎక్కడుందో తెలిసి, చెయ్యి చాపితే అందేలా ఉంటే అదీ పొసెషన్ అని వాదించొచ్చని మా ఇమ్మిగ్రేషన్ లాయర్ అన్నాడు. అందుకని ఆ పిల్ల గదిలోనే లాక్ బాక్స్, కోడ్ మా దానికి తెలియకూడదు, టేబుల్ మీద ఎప్పుడూ పెట్టకూడదు అని ఇద్దరూ ఒప్పుకున్నారు. రూమ్‌మేట్ ఏమీ అనుకోలేదు, "మరి ఎమర్జెన్సీ వస్తే నీకెలా?" అని మాత్రం అడిగిందట, మా పిల్ల 911కి ఫోన్ చేస్తా అంది.

చిన్నోడికి ఇంకో రెండేళ్ళకి 18 నిండితే షాపులో రైఫిల్ అమ్ముతారు. హ్యాండ్‌గన్‌కి చట్టంలో 21 అని ఉన్నా, 2022లో ఫోర్ట్ వర్త్ ఫెడరల్ జడ్జి 18 నుంచి 20 ఏళ్ళ వాళ్ళని ఆపడం కుదరదన్నాడు, రాష్ట్రం అప్పీల్ వేసి మళ్ళీ వెనక్కి తీసుకుంది, అంటే హ్యాండ్‌గన్ పెట్టుకుని తిరగడానికి కూడా వాడికి ఇబ్బంది ఉండకపోవచ్చు. వాడు కొంటాడని నేను అనుకోను. కానీ కొని ఈ ఇంటికి తెస్తే మిగతా ముగ్గురం చిక్కుల్లో పడతాం అని కూర్చోబెట్టి చెప్పాం, మా ఆయన లాయర్ ఈమెయిల్ కూడా చూపించాడు. వాడు మొత్తం చదివి "మీ గ్రీన్‌కార్డ్ వచ్చేదాకా నో గన్స్ ఇన్ ద హౌస్, డీల్" అన్నాడు. వచ్చాక కూడా వద్దురా అన్నా. "అది అప్పుడు డిబేట్ చేద్దాం అమ్మా" అని ఫోన్ తీశాడు. మన లైన్ స్పీడ్ చూస్తే ఆ డిబేట్ వాడు వాడి పిల్లలతోనే చేసేలా ఉన్నాడు.