రోడ్ రోవర్స్: పదమూడు కథల కుక్కల దండు

రోడ్ రోవర్స్ అనే కార్టూను పేరు తెలుగువారిలో చాలామంది విని ఉండరు. అమెరికాలో పెరిగినవారిలో కూడా ముప్పై అయిదు, నలభై ఏళ్ళ మధ్య ఉన్నవారిని అడిగితేనే, కాసేపు ఆలోచించి, ‘ఆ కుక్కలదా?’ అంటారు. 1996 సెప్టెంబరు 7న కిడ్స్ డబ్ల్యూబీ అనే పిల్లల కార్యక్రమాల వరుసలో మొదలైన ఆ కార్టూను 1997 ఫిబ్రవరి 22 నాటికి ముగిసిపోయింది. మొత్తం వచ్చినవి 13 కథలు. అంత కొద్దికాలం నడిచినదే అయినా మా ఇంట్లో మాత్రం ఇప్పటికీ ఏదో ఒక సందర్భంలో దాని ప్రస్తావన వస్తూనే ఉంటుంది. అది మాకు ఎందుకంత ఆప్తమైందో ఒకసారి వివరంగా రాసిపెట్టుకోవాలని చాలా రోజులుగా అనుకుంటున్నాను.

1996 జులైలో నేను ఉద్యోగరీత్యా కాకినాడ నుంచి కుటుంబంతో న్యూజెర్సీ వచ్చాను. మా అబ్బాయికి అప్పుడు ఆరేళ్ళు. కాకినాడలో ఉన్నప్పుడు వీధి చివర కిరాణా కొట్టు దాకా వినిపించేటట్టు మాట్లాడే పిల్లవాడు ఇక్కడి బడిలో చేరిన రోజు నుంచి నోరు విప్పడం మానేశాడు. ఇంటికి వచ్చాక మాతో తెలుగులో మామూలుగానే మాట్లాడేవాడు కానీ, బడి గుమ్మం దాటి లోపలికి అడుగుపెడితే మళ్ళీ సాయంత్రం దాకా ఒక్క మాట కూడా వచ్చేది కాదు. మూడో వారంలో టీచరు ఒక చీటీ పంపించారు. పిల్లవాడు తరగతిలో ఏమీ మాట్లాడడం లేదనీ, ఇంట్లో కూడా ఇంగ్లీషే మాట్లాడితే మంచిదనీ అందులో ఉంది. మా ఆవిడ ఆ చీటీని రెండుసార్లు చదివి, నాలుగు మడతలు పెట్టి, బియ్యం డబ్బా కింద దాచేసింది. ఆ తర్వాత కూడా మేము ఇంట్లో తెలుగే మాట్లాడుకున్నాం. ఆ విషయంలో మేము చేసింది సరైనదేనని నేను ఈనాటికీ నమ్ముతున్నాను.

శనివారం పొద్దున్నే లేచి పిల్లలు టీవీ ముందు కూర్చోవడమన్నది ఇక్కడ 1960ల నుంచి ఉంటూ వచ్చిన అలవాటు. పెద్ద ఛానెళ్ళన్నీ ఆ పూటను కార్టూన్లకు కేటాయించేవి, మధ్యలో ఆటబొమ్మల, పొద్దున పాలల్లో వేసుకుని తినే సీరియల్ డబ్బాల ప్రకటనలు వచ్చేవి. మాకు కేబుల్ లేదు. యాంటెన్నాతో న్యూయార్క్ పదకొండో ఛానెల్ బాగా వచ్చేది కాబట్టి మా అబ్బాయి చూసినవన్నీ అందులోనివే. ఇంకా పెట్టెలు కూడా పూర్తిగా సర్దుకోని ఆ హాల్లో, కార్పెట్ మీద బాసింపట్టు వేసుకుని, పాలల్లో అటుకులు తింటూ వాడు మొదటి కథ చూశాడు. నేను పక్కన కూర్చుని నా ఇంగ్లీషు వినికిడికి కూడా పనికొస్తుందని వాడితో పాటే చూశాను.

కథ చాలా సులువైనది. ప్రొఫెసర్ షెపర్డ్ అనే శాస్త్రవేత్త, అందరూ మాస్టర్ అని పిలిచేవాడు, అయిదు దేశాల నుంచి అయిదు కుక్కలను పిలిపించి, ఒక యంత్రంలోంచి నడిపించి, రెండు కాళ్ళ మీద నిలబడి మాట్లాడగలిగే యోధులుగా మారుస్తాడు. గోల్డెన్ రిట్రీవర్ పోలికలున్న హంటర్ వాళ్ళకు నాయకుడు, గాలి కంటే వేగంగా పరిగెత్తుతాడు. ఇంగ్లండు నుంచి కోలీన్ అనే కోలీ, జర్మనీ నుంచి బ్లిట్జ్ అనే డాబర్‌మన్, రష్యా నుంచి ఎక్సైల్ అనే హస్కీ, స్విట్జర్లాండ్ నుంచి షాగ్ అనే జూలు కుక్క వస్తారు. వీళ్ళతో పాటు మజిల్ అనే రాట్‌వైలర్ ఒకటి ఉంటుంది. అది మారకుండా కుక్కగానే ఉండిపోతుంది, దాన్ని కట్టేసి తోపుడు బండి మీద తీసుకువెళ్ళి అవసరమైనప్పుడు శత్రువుల మీదికి వదులుతారు.

తీసినవారు సామాన్యులు కారు. నిర్మాతల్లో ముఖ్యుడైన టామ్ రూగర్ అప్పటికే యానిమానియాక్స్ వంటి పేరున్న కార్టూన్లు చేసి ఉన్నాడు. హంటర్‌కూ కోలీన్‌కూ గొంతునిచ్చిన జెస్ హార్నెల్, ట్రెస్ మెక్‌నీల్ ఇద్దరూ అందులో అన్నాచెల్లెళ్ళకు గొంతునిచ్చినవారే. కోలీన్‌ది లండన్ వీధి యాస, ఎక్సైల్‌ది సగం కల్పించిన రష్యన్ యాస, బ్లిట్జ్‌ది జర్మన్ యాస. యాసలు కొంత అతిగానే ఉంటాయని ఒప్పుకుంటాను. ఆనాటి రాజకీయ నాయకులను పోలిన పాత్రల మీద వేసిన హాస్యం కూడా పిల్లలకు అందేది కాదు. అయినా కోలీన్ ప్రతిసారీ బ్లిట్జ్‌ను ఎన్నడూ చూడనట్టు ‘నువ్వెవరు?’ అని అడిగినప్పుడు మా అబ్బాయి పాలు ఒలికిపోయేటట్టు నవ్వేవాడు.

అయితే వాడి మనసంతా షాగ్ మీదనే ఉండేది. కళ్ళు కనబడకుండా మొహం నిండా జుట్టు, ఏ వస్తువు కావాలన్నా ఆ జుట్టులోంచే తీసే అలవాటు, చీటికీ మాటికీ భయపడే స్వభావం, వీటన్నిటినీ మించి షాగ్ మాట్లాడే తీరు. అది సగం మాట, సగం కుక్క గురగుర. ఫ్రాంక్ వెల్కర్ అనే నటుడు, జంతువుల గొంతులు పలికించడంలో ఆయనకు సాటి రాగలవారు అరుదు, ఆ గురగురలోనే కోపం, బెంగ, సంతోషం అన్నీ పలికించాడు. చూసేవారికి చాలా భాగం అర్థం కాదు. తోటి కుక్కలు మాత్రం అంతా అర్థమైనట్టే విని, తడుముకోకుండా జవాబు చెబుతాయి. సరిగ్గా మాట్లాడమని షాగ్‌ను మందలించడం గానీ, మళ్ళీ చెప్పమనడం గానీ ఎక్కడా చూసిన గుర్తు లేదు నాకు.

ఒక శనివారం వాడు ఉన్నట్టుండి అడిగాడు.

‘నాన్నా, షాగ్ మాట్లాడేది ఇంగ్లీషేనా?’

‘ఏమోరా, నాకూ తెలియడం లేదు.’

‘మరి వాళ్ళకెలా తెలుస్తోంది?’

‘రోజూ కలిసి తిరుగుతారు కదా, అలవాటైపోయి ఉంటుంది.’

వాడు కాసేపు ఊరుకుని, గొంతులో గుడగుడమని షాగ్ లాగా అన్నాడు. వంటింట్లో దోసెలు పోస్తున్న మా ఆవిడ, ‘మంచినీళ్ళా? ఉండు, తెస్తున్నా’ అని గ్లాసు పట్టుకుని వచ్చింది. వాడు ఆ గ్లాసు వంకా, వాళ్ళమ్మ వంకా చూసి, ఎంతో తృప్తిగా నీళ్ళన్నీ తాగేశాడు.

ఈ కార్టూనులో విలన్ పేరు జనరల్ పార్వో. ఆ పేరు వినగానే నాకు కాకినాడలో మేము పెంచుకున్న టామీ గుర్తొచ్చింది. పార్వో అంటే కుక్కపిల్లలను వాంతులతో, రక్తవిరేచనాలతో రెండు మూడు రోజుల్లో చంపేసే వైరస్ జబ్బు. 1978 ప్రాంతంలో బయటపడి ఏడాది రెండేళ్ళలోనే ప్రపంచమంతా పాకింది. పుట్టిన ఆరు నుంచి ఎనిమిది వారాలకు టీకా మొదలుపెట్టి, మూడు నాలుగు వారాలకొకసారి మళ్ళీ వేయిస్తూ పోతే తప్ప పిల్లలు దక్కడం కష్టం. మా టామీకి ఆలస్యమైంది. కుక్కల బృందానికి ఎదురునిలిచే దుర్మార్గుడికి ఇంతకంటే తగిన పేరు లేదని కుక్కను పోగొట్టుకున్న ఎవరైనా ఒప్పుకుంటారు. మా అబ్బాయికి ఆ సంగతి అప్పుడు చెప్పలేదు.

పని ముగిశాక ఈ వీరులు తిరిగి మామూలు కుక్కలైపోయి ఎవరి ఇంటికి వారు వెళ్ళిపోతారు. వాళ్ళను పెంచుకునేవారు ఆయా దేశాల అధినేతలు. లోకాన్ని కాపాడి వచ్చిన కుక్క యజమాని కాళ్ళ దగ్గర ముడుచుకుని పడుకుంటుంది, ఆయనకు ఏమీ తెలియదు. ఒక్క హంటర్ మాత్రం దిక్కులేని కుక్కలను పట్టి బంధించే చోటు నుంచి వచ్చినవాడు. మునిసిపాలిటీ కుక్కల బండి వీధిలోకి వస్తే టామీని ఎత్తుకుని పెరట్లోకి పరిగెత్తిన రోజులు ఎరిగినవాణ్ణి కాబట్టి, అలాంటి కుక్కను నాయకుణ్ణి చేసినవారి మీద నాకు గౌరవం కలిగింది.

జనవరిలో ఒక రోజు బడిలో భోజనాల వేళ మా అబ్బాయి పక్కనున్న పిల్లవాడి చిప్స్ పొట్లం వైపు చూపిస్తూ షాగ్ లాగా గుడగుడమన్నాడట. ఆ పిల్లవాడు ఒక్క క్షణం ఆగి, హంటర్ లాగా గొంతు మార్చి జవాబు చెప్పి, పొట్లం ముందుకు జరిపాడట. ఆ సాయంత్రం ఇదంతా మాకు తెలుగులో చెబుతూ, నడుమ ఆ పిల్లవాడి మాటలను మాత్రం ఇంగ్లీషులో ఉన్నదున్నట్టు పలికాడు. ఆ ఇంగ్లీషు నా ఇంగ్లీషు కంటే బాగుంది.

ఫిబ్రవరి తర్వాత కొత్త కథలు రాలేదు. కొన్ని నెలలు పాతవే మళ్ళీ మళ్ళీ వేశారు, తర్వాత కొంతకాలం కార్టూన్ నెట్‌వర్క్‌లో వచ్చాయట. అసలు శనివారం ఉదయాలకే అప్పటికి గడ్డురోజులు దాపురించాయి. ఎన్‌బీసీ అనే పెద్ద ఛానెల్ 1992లోనే కార్టూన్లను వదిలేసింది, రోజంతా కార్టూన్లు వేసే కేబుల్ ఛానెళ్ళు వచ్చాయి, వారానికి 3 గంటలు పిల్లలకు విద్యాసంబంధమైన కార్యక్రమాలు వేయాలని 1996 ఆగస్టులో ప్రభుత్వ సంస్థ ఎఫ్‌సీసీ నియమం తెచ్చింది. చివరికి 2014 సెప్టెంబరులో ఉచిత ఛానెళ్ళలో మిగిలిన ఆఖరి శనివారం కార్టూన్ల వరుసను కూడా ఆపేశారు. ఇంత పెద్ద మార్పులో ఒక్క కార్టూను గురించి బాధపడేవారు ఎవరుంటారు? మంచి పాత్రలూ, మంచి గొంతులూ ఉన్న ఆ బృందానికి ఇంకో ఏడాదైనా ఇచ్చి ఉండవలసిందని నా గట్టి అభిప్రాయం.

అప్పట్లో వీసీఆర్‌లో నాలుగు కథలు పట్టి ఉంచాను. క్యాసెట్టు మీద మా ఆవిడ అక్షరాలతో ‘కుక్కలు, చెరపవద్దు’ అని ఉంటుంది. మొన్న సంక్రాంతికి ఇంటికి వచ్చినప్పుడు మా అబ్బాయి పనిచేసే వీసీఆర్ ఒకటి సంపాదించి తెచ్చాడు. బొమ్మ మీద అడ్డంగా గీతలు పాకుతున్నాయి, రంగులు వెలిసిపోయాయి, ప్రకటనలు కూడా అలాగే ఉన్నాయి. ముప్పై అయిదేళ్ళు దాటినవాడు కార్పెట్ మీద బాసింపట్టు వేసుకుని కూర్చున్నాడు. తెర మీద షాగ్ ఏదో అన్నాడు. వెంటనే వీడు కూడా గుడగుడమన్నాడు.

మా ఆవిడ వంటింట్లోంచి మంచినీళ్ళ గ్లాసు పట్టుకొచ్చి వాడి చేతికిచ్చింది.