నోబితా సొరుగులోని టైమ్ మెషీన్
డోరేమాన్ కార్టూన్‌లో టైమ్ మెషీన్ ఎక్కడుంటుందో గుర్తుందా? నోబితా అనే పిల్లాడు చదువుకునే బల్ల సొరుగులో! 1969లో జపాన్‌లో మొదలైన ఈ కథలో రోబో పిల్లి డోరేమాన్ 22వ శతాబ్దం నుంచి వచ్చింది కూడా ఆ సొరుగులోంచే.

చనిపోయిన నాయనమ్మను చూడ్డానికి నోబితా గతంలోకి వెళ్లే కథను నిన్న మా పాపతో కలిసి మళ్లీ చూశాను. ఇంత పెద్దవాడైన మనవడు ఎదురుగా నిలబడి నేనే నోబితాని అంటే, ఆవిడ ఇట్టే నమ్మేస్తుంది. స్కూల్‌కి వెళ్లే నోబితాని చూడాలని ఉందంటే వాడు పరుగున వెళ్లి బ్యాగు తగిలించుకుని వస్తాడు. అక్కడ నాకు ఏడుపు ఆగలేదు.

డైనోసార్ల కాలానికి వెళ్లే కథలూ ఇష్టమే. కానీ టైమ్ మెషీన్‌తో చేయాల్సిన అసలు పని ఇదే. నేను ఉద్యోగంలో చేరడం మా నాయనమ్మ చూడలేదు. ఆ సొరుగు నాకు దొరికితే మెడలో ఐడీ కార్డు వేసుకుని ముందు ఆవిడ దగ్గరికే వెళ్తాను.